యుద్ధం మన ఊరికి ఏ దారిన వచ్చింది?



పుష్య మాసంలో సుబ్రహ్మణ్యుడి తేరుకు నాగలమడికె పోయి వచ్చినవాళ్ళు మీలో చాలామంది ఉంటారు. గుడి పక్కనే ఏరు. పేరుకు ఏరు గానీ ఎక్కువ ఏళ్ళు అక్కడ ఇసకే చూస్తాం. నంది కొండల్లో పుట్టి, గౌరిబిదనూరు మీదుగా హిందూపురం వైపు ఆంధ్రలోకి పోయి, మళ్ళీ మన పావగడ తాలూకాలోకి ఒక అడుగు పెట్టి, పేరూరు దగ్గర తిరిగి ఆంధ్రలోకి దిగుతుంది పెన్న. నెల్లూరు జిల్లాలో సముద్రంలో కలిసేదాకా మొత్తం 597 కిలోమీటర్లు. అందులో మన తాలూకాకు దక్కింది చిన్న ముక్క. ఆ చిన్న ముక్క చాలు, ఇవాళ నేను చెప్పబోయే కవి మీద మనకూ హక్కు ఉందని చెప్పడానికి.

ఆ కవి విద్వాన్ విశ్వం. ఆయన కావ్యం ‘పెన్నేటి పాట’. ఏటి అవతల అనంతపురం జిల్లాలో ఆ పేరు ఎత్తితే చాలు, ఒకరిద్దరు పెద్దవాళ్ళు ఇప్పటికీ నాలుగు పద్యాలు అందుకుంటారు. ఇవతల మన పిల్లలకు ఆ పేరే తెలియదు. తెలియకపోవడంలో వాళ్ళ తప్పేమీ లేదు. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం. నోటికి ఒక భాష, చేతికి ఒక లిపి. మన తాలూకా మొత్తం అలాగే బతుకుతోంది, బాగానే బతుకుతోంది.

అసలు ఈ ఇవతల, అవతల అనేవి ఎక్కడి నుంచి వచ్చాయి? మూడు పక్కలా ఆంధ్ర నేల, మధ్యలో తెలుగు మాట్లాడే కర్ణాటక తాలూకా. గీత గీసింది నది కాదు, భాష అంతకన్నా కాదు. 1799లో శ్రీరంగపట్నం కోట పడింది, టిప్పు సుల్తాన్ చనిపోయాడు. గెలిచినవాళ్ళు రాజ్యాన్ని పంచుకున్నారు. ఇటు బళ్ళారి, అనంతపురం వైపు సీమ నిజాం వాటాకు పోయింది. మరుసటి ఏడాదే, 1800లో, నిజాం దాన్ని ఇంగ్లీషు కుంపిణీ చేతిలో పెట్టాడు. అప్పటి నుంచి వాటిని దత్తమండలాలు అన్నారు. పావగడ మాత్రం మైసూరు రాజ్యంలోనే ఉండిపోయింది. ఆ యుద్ధంతో మన ఊళ్ళలో ఎవరికి ఏ సంబంధం ఉందని? కానీ ఆ పంపకం ఇవాళ్టికీ మన రేషన్ కార్డు మీద ఉంది. ఎక్కడో జరిగిన యుద్ధం మన గడపలోకి ఇలా వస్తుంది, ఫిరంగి మోత లేకుండా.

ఈ సంగతి బాగా తెలిసిన కవి విశ్వం. అందుకే యుద్ధానికి, అన్యాయానికి సాక్షిగా నిలిచిన కవి అనగానే నాకు ముందు ఆయనే గుర్తొస్తాడు. ఆయన యుద్ధభూమి చూసినవాడు కాదు. యుద్ధం వంటింట్లోకి ఏ దారిన వస్తుందో చూసినవాడు.

అసలు పేరు మీసరగండం విశ్వరూపాచారి. 1915 అక్టోబరులో అనంతపురం జిల్లా తరిమెలలో పుట్టారు. సంస్కృతం, తెలుగు క్షుణ్ణంగా చదివారు. ‘విద్వాన్’ అన్నది చదివి సంపాదించుకున్న పట్టా, అదే పేరులో అతుక్కుపోయింది. అదే తరిమెలలో ఆయనకన్నా ఏడాది పైచిలుకు చిన్నవాడు తరిమెల నాగిరెడ్డి, తరువాత కమ్యూనిస్టు నాయకుడు. ఒకరు పండితుల ఇంటి పిల్లవాడు, ఇంకొకరు పెద్ద భూస్వామి కొడుకు. ఇద్దరికీ స్నేహం కలిసింది. అనంతపురంలో ‘నవ్య సాహిత్యమాల’ పేరుతో పుస్తకాలు వేసినవాళ్ళలో విశ్వంగారూ ఉన్నారు.

1939లో రెండో ప్రపంచ యుద్ధం వచ్చింది. మన దేశాన్ని అడగకుండానే ఇంగ్లీషు ప్రభుత్వం మనల్ని యుద్ధంలోకి లాగింది. అప్పుడు నాగిరెడ్డి ఒక చిన్న పుస్తకం రాశారు. యుద్ధం వల్ల ఆర్థికంగా ఏమవుతుందన్నది అందులో విషయం. ఎవరు గెలుస్తారు, ఎవరు ఓడతారు అన్నది కాదు, ధరలు ఏమవుతాయి, రైతు ఏమవుతాడు అన్నది. ఆ పుస్తకం రాసినందుకు సర్కారు ఆయన్ని జైల్లో పెట్టింది. విశ్వంగారూ ఆ కాలంలోనే జైలు చూశారు. చూడండి, బాంబు గురించి రాస్తే కాదు, బియ్యం ధర గురించి రాస్తే జైలు. ప్రభుత్వానికి ఏ మాట నొప్పి పుట్టిస్తుందో దాంట్లోనే తెలిసిపోతుంది.

ఆ నొప్పికి కారణం ఉంది. యుద్ధం వచ్చినప్పుడు రైలు పెట్టెలు ముందు సైన్యానికి పోతాయి. ధాన్యం సైన్యానికి పోతుంది. గుడ్డ, కిరసనాయిలు సైన్యానికి పోతాయి. నోట్లు ఎక్కువ అచ్చవుతాయి. మిగిలిన సరుకు మీద షావుకారు చెయ్యి వేసి కూర్చుంటాడు. 1942లో జపాను బర్మాను పట్టుకోగానే రంగూన్ బియ్యం ఆగిపోయింది. కంట్రోలు బియ్యం, కంట్రోలు గుడ్డ అని మన పెద్దవాళ్ళు చెప్పే మాటలు ఆ కాలానివే. ధర పెరిగింది, కూలి మాత్రం ఉన్నచోటే ఉంది. వానాధార సీమలో అప్పటికే సగం కడుపుతో ఉన్న మనిషికి ఇక మిగిలేదేముంది?

1943లో బెంగాల్లో ఈ లెక్క ఎంతదాకా పోయిందో లోకానికి తెలుసు. సుమారు 30 లక్షల మంది చనిపోయారు. జపాను వాళ్ళకు చిక్కకూడదని ముందే పడవలు తీసేసుకున్నారు, ధాన్యం ఎత్తుకుపోయారు. చిత్తప్రసాద్ అనే చిత్రకారుడు ఆ కరువు ఊళ్ళలో కాలినడకన తిరిగి, చూసింది చూసినట్టు బొమ్మలు గీసి పుస్తకంగా వేశాడు. సర్కారు ఆ ప్రతులు పట్టుకుని తగలబెట్టింది. బొమ్మలో శవం ఉంటే శవాన్ని ఎత్తలేదు, బొమ్మను కాల్చింది. ఆ కరువును తొమ్మిదేళ్ళ పిల్లవాడుగా చూసిన అమర్త్య సేన్ పెద్దయ్యాక, 1981లో, దాని లోతు విప్పి చెప్పాడు. తిండి లేక కాదు, తిండి కొనుక్కునే కూలి లేక జనం చచ్చిపోయారు అని. ఈ మాట కాస్త గుర్తు పెట్టుకోండి, మళ్ళీ మన తాలూకాలో దీనితో పని పడుతుంది.

తెలుగులో ఆ కాలంలో కవులు చేసిన పని చిన్నది కాదు. యుద్ధరంగంలో ఉన్న సైనికుడు ఇంటికి రాసే ఉత్తరంగా మన తెలుగు కవి తిలక్ ఒక కవిత రాశారు. యుద్ధాన్ని ఒక్క మనిషి గొంతులోకి దించిన పని అది. నిజాం పాలనకు ఎదురు తిరిగిన దాశరథి నిజామాబాద్ జైల్లో గోడ మీద బొగ్గుతో పద్యాలు రాశారు. తెలంగాణ పోరాటం మీద సోమసుందర్ రాసిన ‘వజ్రాయుధం’ను సర్కారు నిషేధించింది. ఇవన్నీ గొంతెత్తిన కవితలు, ఎత్తవలసిన కాలం అది. నాకు వాటి మీద గౌరవమే. అయినా విశ్వం వేరే పని చేశారు, ఆ వేరే పని గురించే నేను కొంచెం నిదానంగా చెప్పాలి.

జైలు నుంచి వచ్చాక ఆయన పత్రికల్లోకి వెళ్ళారు. హైదరాబాదులో ‘మీజాన్’లో పనిచేశారు. అడవి బాపిరాజుగారు అక్కడ సంపాదకులు. తరువాత ‘ప్రజాశక్తి’, ఆ తరువాత ‘ఆంధ్రప్రభ’. ‘మాణిక్యవీణ’ అని ఆయన రాసిన శీర్షిక కోసం పాఠకులు కాచుకునేవారట. పత్రికలో పనిచేసే మనిషికి ఒక అలవాటు పడుతుంది. ఏ సంగతి అయినా ఎవరికి, ఎక్కడ, ఎంత అని అడుగుతాడు. ఆ అలవాటు ‘పెన్నేటి పాట’లోకి వచ్చిందని నా నమ్మకం. 1956లో ఆ కావ్యం పుస్తకంగా వచ్చింది.

కథ చిన్నది. రంగడు, గంగమ్మ అనే భార్యాభర్తలు. ఒకప్పుడు బాగా బతికిన రైతు ఇల్లు. కరువులు, అప్పులు కలిసి ఇంటిని కూల్చేశాయి. ఇప్పుడు మగవాడు అడవిలో కట్టెలు కొట్టి అమ్ముకుంటాడు, ఆడమనిషి కూలీనాలీ చేసుకుంటుంది. అంతే. రాజులు లేరు, యుద్ధం లేదు, ఊరిని రక్షించే వీరుడు లేడు. కావ్యానికి నాయకుడంటే కట్టెలమోపు ఎత్తుకున్న మనిషి. పక్కన పెన్నేరు ఉంది, అదీ ఎండిపోయింది. ఈ తల్లి ఎందుకు ఇలా ఎండిందని కవి అడుగుతాడు.

కథాసరిత్సాగరాన్ని తెలుగు చేసిన పండితుడు ఈయన. సంస్కృత కావ్యాలు ఆయనకు కొట్టినపిండి. పెద్ద పెద్ద సమాసాలు కట్టడం చేతకాక కాదు గదా! గంగమ్మ ఇంటి దగ్గరికి వచ్చేసరికి ఆ సరంజామా అంతా గుమ్మం బయట పెట్టి లోపలికి వస్తాడు. సీమ మనుషులు నోరారా అనే మాటలు పద్యంలో కూర్చోబెడతాడు. ఒకచోట వృత్తం, ఇంకొకచోట పాడుకునే మాత్రల నడక. పండితుడికి పండితుడి వాటా, పామరుడికి పామరుడి వాటా. కొందరు దీన్ని కలగాపులగం అనవచ్చు. కరువును వర్ణించేటప్పుడు ఒకే తీరు నడకతో అందంగా నడిచిపోతే అది కరువులా ఉంటుందా అని నేను అడుగుతాను.

కరువు ఎలా వస్తుందో మన సీమలో పుట్టిన ఏ ఆడమనిషిని అడిగినా చెబుతుంది. వాన రాని రోజున కరువు రాదు. ముందు సంగటి ముద్ద చిన్నదవుతుంది. రాగిపిండిలో కలిపే నూకలు తగ్గుతాయి. తరువాత ముద్ద పోయి అంబలి వస్తుంది. అంబలి చిక్కగా ఉన్నంత కాలం ఇంటి పరువు నిలబడినట్టే. అది పలచబడి, చెంబులో పోస్తే అడుగు కనబడే స్థితికి వచ్చాక, ఇంటి ఇల్లాలు తన వంతు చివరకు నెడుతుంది. ‘నేను ముందే తాగినాన్లే’ అంటుంది. తాగలేదని ఇంట్లో అందరికీ తెలుసు, ఎవరూ పైకి అనరు. ఆ తరువాత ఎద్దులు పోతాయి, మేకలు పోతాయి, చెవుల కమ్మలు తాకట్టుకు పోతాయి. చివరకు మనిషి ఊరు వదులుతాడు. పత్రికలో వార్త వచ్చేది ఈ చివరి మెట్టు దగ్గర. విశ్వం మొదటి మెట్టు దగ్గర నిలబడి రాశాడు. సాక్షి అంటే నా దృష్టిలో ఇది. శవం లేచాక వచ్చేవాడు కాడు, అంబలి పలచబడ్డప్పుడే అక్కడ ఉన్నవాడు.

ఇంకో మాట కూడా చెప్పాలి. రాయల కాలంలో ఈ సీమ రతనాలు రాశులు పోసిందని ఆ కావ్యంలో వచ్చే భాగాలు నాకు అంతగా రుచించవు. రాయల కాలంలోనూ కట్టెలు కొట్టినవాడు కట్టెలే కొట్టి ఉంటాడు. రతనాల రాశుల పక్క నిలబడి కొనుక్కున్నవాళ్ళు ఎందరు, పక్క నుంచి నడిచిపోయినవాళ్ళు ఎందరు? గతాన్ని తలుచుకుంటే కొంత ఓదార్పు దొరుకుతుంది, నిజమే. ఓదార్పు సాక్షికి పనికిరాదు. అయితే ఆ భాగాలు దాటి రంగడి గుడిసెలోకి వచ్చాక కవి మళ్ళీ తన తీరులోకి వస్తాడు, అక్కడ ఇక నాకు పేచీ లేదు.

ఆ గుడిసెలోకి వచ్చిన కరువు మన సీమకు కొత్తది కాదు. 1876 నుంచి 1878 దాకా నడిచిన కరువును ధాత కరువు అని మన పెద్దలు చెప్పుకున్నారు, ధాత నామ సంవత్సరంలో వచ్చింది గనుక. మైసూరు రాజ్యంలో ఐదుగురిలో ఒకరు దాకా పోయారని లెక్కలు చెబుతాయి. కొన్ని ఊళ్ళు ఖాళీ అయ్యాయి. అదే కాలంలో మద్రాసు రేవు నుంచి ధాన్యం ఓడలకు ఎక్కుతూనే ఉంది. అంటే ధాన్యం లేదని కాదు, మన దగ్గర దాన్ని కొనే శక్తి లేదని. సేన్ 1981లో చెప్పిన మాట దత్తమండలాల కూలివాడికి పుస్తకం లేకుండానే తెలుసు.

సరే, ఇవాళ్టి సంగతికి వద్దాం. మన తాలూకాలో తిరుమణి, వళ్ళూరు, బళసముద్ర, రాయచర్లు, క్యాతగానచర్లు ఊళ్ళ చుట్టూ 13 వేల ఎకరాల్లో సోలార్ పార్కు వచ్చింది. 2018 మార్చిలో మొదలు, 2019 చివరికి మొత్తం 2,050 మెగావాట్లు. ప్రపంచంలో పెద్ద సోలార్ పార్కుల వరసలో దాని పేరు ఉంది. భూమి కొనలేదు, గుత్తకు తీసుకున్నారు. ఎకరానికి ఏడాదికి 21 వేల రూపాయలతో మొదలు, రెండేళ్ళకొకసారి అయిదు శాతం పెంపు. శనక్కాయ వేసి వాన కోసం ఆకాశం చూసి, ఏడు పంటల్లో అయిదు పోగొట్టుకున్న రైతుకు అది చిన్న మాట కాదు. భూమి పేరు మీదే ఉంది, గుత్త డబ్బు బ్యాంకులో పడుతోంది. ఎండే మన శాపం అనుకున్నాం, ఆ ఎండకే ధర కట్టారు. ఇందులో సంతోషించేవాళ్ళను నేను తప్పుపట్టను.

భూమి లేని మనిషి మాటేమిటి? శనక్కాయ పీకే కూలి, కలుపు తీసే కూలి, రాత్రి పూట నీళ్ళు కట్టే కూలి, ఇవన్నీ ఆ 13 వేల ఎకరాలతో పాటే పోయాయి. కంచె లోపల గొర్రెలకు, మేకలకు చోటు లేదు. పార్కులో అద్దాలు కడిగే పని, కాపలా పని కొందరికి దొరికింది, అందరికీ కాదు. గుత్త డబ్బు పట్టాదారుకు వస్తుంది, ఆ పట్టా పుట్టినప్పటి నుంచీ లేనివాళ్ళకు ఏ ఖాతాలోనూ ఏమీ పడదు. బెంగళూరుకు పోయే బస్సు వాళ్ళకు తెలుసు. సేన్ మాట గుర్తు పెట్టుకోమన్నది ఇందుకే. ఊళ్ళో కరెంటు ఉంది, షాపులో బియ్యం ఉంది, చేతిలో కూలి లేదు. కరువు ఇప్పుడు ఈ వేషంలో వస్తుంది. రంగడు భూమి పోయి కూలివాడు అయ్యాడు. ఇక్కడ భూమి ఎక్కడికీ పోలేదు, కూలే పోయింది. ఇలాంటి కథను విశ్వం రాయలేదు, ఆయన కాలంలో ఇది లేదు. ఇప్పటివాళ్ళు ఎవరైనా రాయాలి. పత్రికలో మెగావాట్లు వచ్చాయి, కావ్యంలోకి గంగమ్మ ఇంకా రాలేదు.

మరొక సంగతిని దాటేసి పోతే నా మాట నిజాయితీ అనిపించుకోదు. 2005 ఫిబ్రవరిలో మన తాలూకాలో వెంకటమ్మనహళ్ళి దగ్గర పోలీసుల బస మీద నక్సలైట్లు రాత్రిపూట దాడి చేశారు. పోలీసులు చనిపోయారు. ఆ తరువాత ఎన్నో నెలలు ఈ ఊళ్ళలో పొద్దుగూకగానే తలుపులు పడేవి. కాల్చినవాళ్ళు భూమి గురించి, అన్యాయం గురించే మాట్లాడారు. చనిపోయిన పోలీసులు ఎవరి పిల్లలు? కొంచెం పొలం, కొంచెం అప్పు ఉన్న ఇళ్ళ నుంచి నౌకరీకి వచ్చిన పిల్లలు. వాళ్ళ ఇళ్ళలోనూ గంగమ్మలే ఉన్నారు. అన్యాయానికి సాక్షిగా ఉంటానని చెప్పే కవి ఈ శవాలను చూడనట్టు పోతే అతడు సగం సాక్షి. అన్యాయం గురించి మాట్లాడకుండా ఈ శవాల గురించే మాట్లాడితే అదీ సగమే. విశ్వం ఎటూ ఒరగలేదని నేను అనను, ఆయనకు రాజకీయం ఉంది, దాచుకోలేదు కూడా. కానీ కావ్యంలోకి వచ్చాక పార్టీ జెండా కాక పొయ్యిలో కట్టె పట్టుకున్నాడు.

ఇక చివరగా ఒక చిన్న పని చెబుతాను, చెయ్యాలంటే సులువే. ఈ కావ్యం మన తాలూకా పిల్లలకు అందకపోవడానికి లిపి ఒక్కటే అడ్డం. చెవికి అడ్డం లేదు. ఇంట్లో తెలుగు చదవగలిగిన తాతో అవ్వో ఉంటే, పుస్తకం తెప్పించుకుని రాత్రి అన్నాలయ్యాక పైకి చదవండి. మొదటి నుంచి మొదలుపెట్టొద్దు. రాయల కాలం పద్యాల దగ్గర పిల్లలు పడుకుంటారు. నేరుగా రంగడు, గంగమ్మ వచ్చే చోటు తీయండి. అర్థం కాని మాట వస్తే ఆగి మన మాటలో చెప్పండి, మళ్ళీ పాడండి. కొన్ని పద్యాలు పాటకే కట్టారు, గొంతు లేదని వెనక్కి తగ్గొద్దు. తెలుగు చదివే పెద్దవాళ్ళు లేని ఇళ్ళలో బడి అయ్యవార్లు ఎవరైనా నాలుగు పద్యాలు కన్నడ లిపిలో రాసి ఇస్తే చాలు. భాష తెలుగే, అక్షరం కన్నడం. మన తాలూకాలో పెళ్ళి పత్రికల దగ్గర నుంచి భజన పుస్తకాల దాకా ఆ పద్ధతి కొత్తదేమీ కాదు. విన్న పిల్లలు పెన్న ఎండిపోతే గంగమ్మ ఏం చేసిందని అడుగుతారు. అడిగితే చెప్పండి. చెప్పాక, ‘మన ఊళ్ళో ఇప్పుడు గంగమ్మ ఎవరు?’ అని వాళ్ళనే అడగండి. జవాబు వాళ్ళకు చప్పున తెలుస్తుంది, పేరుతో సహా చెబుతారు.